కెనడా పార్లమెంటు ఎన్నికలు: మీ రైడింగ్ ఫలితాన్ని సరిగ్గా చదవడం ఎలా

2025 ఏప్రిల్ 28 రాత్రి క్యూబెక్‌లోని టెర్‌బాన్ రైడింగ్‌లో (రైడింగ్ అంటే ఇక్కడి పార్లమెంటు నియోజకవర్గం) లిబరల్ అభ్యర్థి 35 ఓట్ల ఆధిక్యంలో ఉన్నారు. తర్వాతి రోజుల్లో కాగితాలు సరిచూస్తే క్యూబెక్ ప్రాంతీయ పార్టీ బ్లాక్ కెబెక్వా అభ్యర్థి 44 ఓట్లతో ముందున్నారు. జడ్జి సమక్షంలో మళ్ళీ లెక్కపెడితే లిబరల్‌కు 23,352, బ్లాక్‌కు 23,351 వచ్చాయి. మూడు లెక్కల్లో గెలుపు రెండుసార్లు చేతులు మారింది.

ఎన్నికల రాత్రి కనిపించే అంకె ఏ దశలో ఉందో, ఇంకా ఏ పెట్టెలు తెరవలేదో తెలిస్తేనే ఆ అంకెకు అర్థం ఉంటుంది. బ్రాంప్టన్, మిస్సిసాగా, మిల్టన్, కాల్గరీ లాంటి చోట్ల స్థిరపడి కొత్తగా ఓటుహక్కు పొందిన తెలుగువాళ్ళకు లోక్‌సభ లెక్కింపు బాగా అలవాటు. ఒక్కో రైడింగ్‌కు ఒక్క ఎంపీ, అందరికంటే ఎక్కువ ఓట్లు వచ్చినవాళ్ళే విజేత, యాభై శాతం దాటనక్కర్లేదు: ఇంతవరకు రెండుచోట్లా ఒకటే. లెక్కపెట్టే పద్ధతి, ఫలితం ప్రకటించే పద్ధతి మాత్రం పూర్తిగా వేరు.

ముందు రైడింగ్ ఏదో తేల్చుకోండి

ఎన్నికలు నడిపే సంస్థ ఎలక్షన్స్ కెనడా వెబ్‌సైట్‌లో పోస్టల్ కోడ్ కొడితే రైడింగ్ పేరు వస్తుంది. కొన్ని కోడ్‌లు రెండు మూడు రైడింగ్‌లలోకి పరుచుకుని ఉంటాయి, పల్లెటూళ్ళలో ఇది మరీ ఎక్కువ. అప్పుడు పూర్తి చిరునామా అడుగుతుంది. ఆ మెట్టు దాటవేసి జాబితాలో మొదటి పేరు పట్టుకుంటే పక్క రైడింగ్ ఫలితం చూస్తూ కూర్చుంటారు.

పేరుతోపాటు అయిదంకెల రైడింగ్ నంబరు కూడా రాసిపెట్టుకోండి. మొదటి రెండంకెలు ప్రావిన్సును చెబుతాయి: 24 క్యూబెక్, 35 ఒంటారియో, 46 మానిటోబా, 47 సస్కాచెవాన్, 48 అల్బెర్టా, 59 బ్రిటిష్ కొలంబియా. నంబరు ఎందుకంటే, కెనడా రైడింగ్ పేర్లు రెండు మూడు ఊళ్ళను పొడవు గీతతో కలిపి పెడతారు. ‘మిల్టన్ ఈస్ట్—హాల్టన్ హిల్స్ సౌత్’ అలాంటిదే. వెతికేటప్పుడు పొడవు గీత బదులు చిన్న గీత కొడితే చాలాచోట్ల పేరు దొరకదు. రెండు పట్టికలను కలిపేటప్పుడు ఇదే సమస్య మళ్ళీ తగులుతుంది. నంబరుతో ఆ బాధ లేదు.

ఇంకో తప్పు అంతకంటే పెద్దది. 2025 ఫెడరల్ ఎన్నిక కొత్త సరిహద్దుల మీద, 343 రైడింగ్‌లకు జరిగింది. అంతకుముందు 338 ఉండేవి. అదే ఏడాది ఫిబ్రవరి 27న ఒంటారియో ప్రావిన్సు ఎన్నిక 124 రైడింగ్‌లకు, వేరే సరిహద్దులతో జరిగింది. చాలా పేర్లు అచ్చంగా ఒకేలా ఉంటాయి, కానీ లోపలి వీధులు తేడా. ఆ రెండు ఎన్నికల ఓట్లను పక్కపక్కన పెట్టి ‘రెండు నెలల్లో గాలి మారింది’ అని తేల్చడం చెల్లదు.

రాత్రి అంకెలు ఎలా వస్తాయి

కెనడాలో ఫెడరల్ ఓటు కాగితం మీద వేస్తారు, చేతులతో లెక్కపెడతారు. పెట్టెలన్నీ ఒక కేంద్రానికి చేర్చి, టేబుళ్ళు వేసి, రౌండ్లవారీగా ప్రకటించే పద్ధతి ఇక్కడ లేదు. పోలింగ్ ముగియగానే తలుపులు వేసి, ఏ పోల్ (మన పోలింగ్ బూత్ లాంటిది) పెట్టెను ఆ పోల్ సిబ్బందే, అభ్యర్థుల ఏజెంట్ల ఎదుట లెక్కపెట్టి లెక్క పత్రం నింపుతారు. ఆ అంకెలను రిటర్నింగ్ అధికారి కార్యాలయానికి చెబితే అక్కడ కంప్యూటర్‌లోకి ఎక్కిస్తారు. చిన్న పోల్ అరగంటలో తేలిపోవచ్చు. అభ్యర్థులు ఎక్కువైతే మడతలు విప్పడానికే సమయం సరిపోదు: 2025లో కార్ల్‌టన్ రైడింగ్‌లో 91 మంది పోటీ చేయడంతో బ్యాలెట్ దాదాపు మీటరు పొడవు వచ్చింది. అదే ఏడాది ఆగస్టులో బాటిల్ రివర్—క్రోఫుట్ ఉప ఎన్నికలో అభ్యర్థులు 214 మంది. అక్కడ పేర్లు అచ్చువేయడం మానేసి, ఓటరే అభ్యర్థి పేరు రాసే ఖాళీ బ్యాలెట్ ఇచ్చారు. అలాంటి చోట ఫలితం ఆలస్యమైతే అనుమానించాల్సిన పని లేదు.

పోలింగ్ ముగిసే వేళలు ప్రాంతాన్నిబట్టి మారతాయి. హైదరాబాద్‌లో కూర్చుని చూసే బంధువులకు భారత కాలమానంలో చెప్పాలంటే, వేసవి సమయం నడిచే రోజుల్లో న్యూఫౌండ్‌లాండ్ తెల్లవారుజామున 4.30కి, మిగతా అట్లాంటిక్ ప్రావిన్సులు 5 గంటలకు మూతపడతాయి. క్యూబెక్ నుంచి అల్బెర్టా దాకా అన్నీ ఉదయం 7 గంటలకు ఒకేసారి, బ్రిటిష్ కొలంబియా 7.30కి ముగుస్తాయి. అంటే అసలు కథంతా ఆ ఏడు గంటల తర్వాతే. క్యూబెక్‌కు 78, ఒంటారియోకు 122 సీట్లు, రెండూ కలిపి సగానికి ఎక్కువ.

ఫలితాల పేజీలో అభ్యర్థి, పార్టీ, ఓట్లు, శాతం ఉంటాయి. వాటి పైనో కిందో ‘ఇన్ని పోల్స్‌లో ఇన్ని వచ్చాయి’ అన్న వరుస ఉంటుంది. చూపు మొదట పడాల్సింది ఆ వరుస మీద. పోలింగ్ శాతాన్ని ఆ రాత్రి నమ్మకండి, ఎందుకంటే పోలింగ్ రోజునే పేరు నమోదు చేసుకుని ఓటేసినవాళ్ళు అప్పటి ఓటర్ల సంఖ్యలో ఉండరు. టీవీ ఛానెళ్ళు ‘గెలిచారు’ అని చెప్పేది వాళ్ళ అంచనా మాత్రమే, చట్టపరంగా దానికి విలువ లేదు. 2025లో ఎలక్షన్స్ కెనడా వెబ్‌సైట్ ఆ రాత్రి కొంతసేపు పనిచేయలేదు కూడా, కాబట్టి ఛానెళ్ళ ఫలితాల పేజీ ఒకటి పక్కన తెరిచి ఉంచుకోవడం మంచిది.

మిగిలిన పెట్టెల్లో ఏముంది

ఎక్కువమంది బోల్తాపడేది ఇక్కడే. ‘200 పోల్స్‌లో 170 వచ్చాయి, ఇక 15 శాతమే మిగిలింది’ అనుకుంటారు. పోల్స్ అన్నీ ఒకే పరిమాణంలో ఉండవు. పోలింగ్ రోజు మామూలు పోల్‌లో వంద నుంచి రెండు మూడు వందల ఓట్లు పడితే, పోలింగ్ రోజుకు ముందే ఓటేసే అడ్వాన్స్ పోల్‌లో అంతకు ఎన్నో రెట్లు ఉండొచ్చు. ఎందుకంటే ఒక్క అడ్వాన్స్ పోల్ కిందకు చాలా మామూలు పోల్స్ వస్తాయి, అది నాలుగు రోజులు తెరిచి ఉంటుంది. 2025లో ఏప్రిల్ 18 నుంచి 21 దాకా ఈస్టర్ సెలవుల్లో సుమారు 73 లక్షల మంది అలా ముందే ఓటేశారు. మొత్తం ఓట్లలో ఇది మూడో వంతుకు మించింది. ఆ పెట్టెలు పెద్దవి కాబట్టి లెక్క ఆలస్యంగా తేలుతుంది. అందుకే రాత్రి పదకొండు గంటలకు పోల్స్ 85 శాతం వచ్చినా ఓట్లు మాత్రం డెబ్బై శాతమే వచ్చి ఉండొచ్చు.

ఏ పోల్ వచ్చింది, ఏది రాలేదు అన్న జాబితా ఆ రాత్రి పేజీలో ఉండదు. దానికో మార్గముంది. పదేసి నిమిషాలకు ఒకసారి పోల్స్ సంఖ్య, మొత్తం ఓట్ల సంఖ్య కాగితం మీద రాయండి. రెండు పోల్స్ పెరిగినప్పుడు ఓట్లు 300, 400 పెరిగితే అవి మామూలువి. రెండు పోల్స్‌కే 1,500 పెరిగితే అడ్వాన్స్ పెట్టె వచ్చిందన్నమాట. అప్పుడు ఎవరి శాతం ఎటు కదిలిందో కూడా పక్కన రాయండి. రాబోయే అడ్వాన్స్ పెట్టెలు ఎటు మొగ్గుతాయో ఊహించడానికి మీ చేతిలో ఉన్న ఆధారం అదొక్కటే.

ఇప్పుడు లెక్క. ఉదాహరణకు ఒక రైడింగ్ ఊహించుకుందాం. 200 పోల్స్‌లో 170 వచ్చాయి. మొదటి అభ్యర్థికి 17,400, రెండో అభ్యర్థికి 16,500, మిగతా అందరికీ కలిపి 3,100, మొత్తం 37,000 ఓట్లు. ఆధిక్యం 900. మీ కాగితం ప్రకారం ఇంకా 12 అడ్వాన్స్ పోల్స్, 18 మామూలు పోల్స్ రావాలి. అడ్వాన్స్‌కు 700 చొప్పున 8,400, మామూలుకు 200 చొప్పున 3,600 వేసుకుంటే మిగిలినవి 12,000. ఇప్పటిదాకా మొదటి ఇద్దరికీ కలిపి దాదాపు 91.6 శాతం వచ్చింది, కాబట్టి ఆ 12,000లో సుమారు 11,000 వీళ్ళిద్దరి మధ్యే పంపకమవుతాయి. వెనకబడ్డ అభ్యర్థి సమం కావాలంటే మిగిలిన ఓట్లకు ఆధిక్యం కలిపి రెండుతో భాగించాలి: 11,000కు 900 కలిపి సగం చేస్తే 5,950. అంటే మిగిలిన ఓట్లలో 54.1 శాతం రావాలి. ఇప్పటిదాకా ఆ అభ్యర్థికి ఇద్దరి ఓట్లలో వచ్చింది 48.7 శాతం. మిగిలిన మామూలు పోల్స్‌లో ఆయనకు తన సగటే వస్తే, అడ్వాన్స్ పెట్టెల్లో సగటుకంటే దాదాపు ఎనిమిది పాయింట్లు మెరుగ్గా రావాలి. మీ కాగితం అలా చెబితే పోటీ ఇంకా ఉంది. ఒకటి రెండు పాయింట్లే అయితే లేదు.

దీనికి స్పెషల్ బ్యాలెట్లు కలుపుకోవాలి. పోస్టులో, లేదా రిటర్నింగ్ అధికారి కార్యాలయంలో వేసే ఓట్లివి. సొంత రైడింగ్‌లో ఉండి అడిగినవాళ్ళ ఓట్లు స్థానికంగానే లెక్కపెడతారు. విదేశాల్లో ఉన్న పౌరులు, సైనికులు, జైళ్ళలో ఉన్నవాళ్ళు, రైడింగ్‌కు దూరంగా ఉన్నవాళ్ళ ఓట్లు ఒటావాలో లెక్కపెట్టి రైడింగ్‌కు కలుపుతారు. హైదరాబాద్‌లోనో విశాఖలోనో కొన్నాళ్ళుగా ఉంటున్న కెనడా పౌరుడి ఓటు ఒటావా కాలమానంలో పోలింగ్ రోజు సాయంత్రం 6 గంటల లోపు అక్కడికి చేరాలి. పోస్టు ముద్ర తేదీ లెక్కలోకి రాదు. స్పెషల్ బ్యాలెట్ మీద అభ్యర్థి పేరు చేత్తో రాయాలి. అక్షరదోషం ఉన్నా ఉద్దేశం స్పష్టమైతే చెల్లుతుంది. పార్టీ పేరు ఒక్కటే రాస్తే చెల్లదు. 2025లో కొన్ని రైడింగ్‌ల స్పెషల్ బ్యాలెట్ల లెక్క మర్నాటి ఉదయానికి వెళ్ళింది, కాబట్టి వందల్లో తేడా ఉన్నచోట ఆ రాత్రే ఏదీ తేల్చేయకండి.

రాత్రి అంకె నుంచి అధికారిక ఫలితం దాకా

రాత్రి వచ్చేవి ప్రాథమిక ఫలితాలు. పోలింగ్ జరిగిన ఏడు రోజుల్లోపు రిటర్నింగ్ అధికారి పోల్స్ నుంచి వచ్చిన లెక్క పత్రాలను కంప్యూటర్‌లోకి ఎక్కిన అంకెలతో సరిపోల్చుతారు. ఇందులో బ్యాలెట్లు మళ్ళీ లెక్కపెట్టరు. హడావుడిలో ఒకరి అంకె పక్కవాళ్ళ వరుసలో పడడం, 186 కాస్తా 168గా మారడం లాంటివి ఇక్కడ బయటపడతాయి. ఇదేదో లాంఛనం అనుకోవద్దు: మిల్టన్ ఈస్ట్—హాల్టన్ హిల్స్ సౌత్‌లో రాత్రి కన్సర్వేటివ్ అభ్యర్థి 298 ఓట్లతో ముందుంటే, ఈ సరిచూపు తర్వాత లిబరల్ అభ్యర్థి 29 ఓట్లతో ముందుకొచ్చారు.

తర్వాతి మెట్టు జడ్జి సమక్షంలో రీకౌంటింగ్. మొదటి ఇద్దరి మధ్య తేడా చెల్లిన మొత్తం ఓట్లలో వెయ్యో వంతుకంటే తక్కువైతే, ఎవరూ అడగకుండానే రీకౌంటింగ్ జరగాలి. చెల్లిన ఓట్లు 60,000 అయితే గీత 60 దగ్గర. ఓట్ల తేడా ఒక్కటే చూస్తే ఇక్కడ మోసపోతారు. టెర్‌బాన్‌లో 44 ఓట్ల తేడాకు రీకౌంటింగ్ తనంతట తానే వచ్చింది. నునావుట్‌లో 41 ఓట్ల తేడాకు రాలేదు. అక్కడ పడేదే కొన్ని వేల ఓట్లు, కాబట్టి గీత ఒక్క అంకె దగ్గరే ఆగిపోతుంది.

గీత దాటితే దారి మూసుకుపోయినట్టు కాదు. సరిచూపు పూర్తయిన నాలుగు రోజుల్లోపు, లెక్కలో తప్పు జరిగిందని సాక్షి ప్రమాణపత్రంతో ఎవరైనా ఓటరు జడ్జిని అడగవచ్చు. 250 డాలర్లు హామీగా కట్టాలి. విండ్సర్—టెకమ్సే—లేక్‌షోర్‌లో అలా అడిగితే 77 ఓట్ల తేడా నాలుగుకు తగ్గింది, గెలిచినవాళ్ళు మారలేదు. తనంతట తానే రీకౌంటింగ్ వచ్చిన టెరా నోవా—ది పెనిన్సులాస్‌లో మాత్రం లిబరల్‌కు ఉన్న 12 ఓట్ల ఆధిక్యం కన్సర్వేటివ్‌కు 12 ఓట్ల ఆధిక్యంగా తిరగబడింది. మిల్టన్‌లో 29 కాస్తా 21 అయి ఆగింది. అంకెలు ఇంతగా కదలడానికి కారణం చెల్లని ఓట్లు. గుర్తు పెట్టకపోవడం, ఇద్దరికి పెట్టడం, ఓటరెవరో తెలిసేలా రాయడం లాంటి కారణాలతో పక్కన పెట్టిన కాగితాలను జడ్జి ఎదుట రెండు పక్షాలూ ఒక్కొక్కటిగా మళ్ళీ చూస్తాయి.

రీకౌంటింగ్‌లో సరిగ్గా సమానమైతే చీటీ తీయరు, ఉప ఎన్నిక పెడతారు. లెక్క గురించి కాకుండా ఎన్నిక జరిగిన తీరు గురించి ఫిర్యాదు ఉంటే అది వేరే కేసు, వేరే కోర్టు ప్రక్రియ. టెర్‌బాన్‌లో ఒక ఓటరు పంపిన స్పెషల్ బ్యాలెట్ కవరు, దాని మీద ముద్రించిన పోస్టల్ కోడ్ తప్పు కావడంతో తిరిగి ఇంటికే వచ్చింది. ఒక్క ఓటు తేడా ఉన్నచోట అదే కోర్టు వివాదమైంది.

2025లో ఈ రీకౌంటింగ్‌లన్నీ అయ్యాక లెక్క: లిబరల్ 169, కన్సర్వేటివ్ 144, బ్లాక్ 22, ఎన్‌డీపీ (న్యూ డెమోక్రటిక్ పార్టీ) 7, గ్రీన్ 1. సొంత బలానికి 172 కావాలి. నాలుగు రైడింగ్‌ల రీకౌంటింగ్‌ను దేశమంతా ఎందుకు కళ్ళప్పగించి చూసిందో దీన్నిబట్టి అర్థమవుతుంది.

మరో అంకె మీద కూడా కన్ను వేయండి. కెనడాలో ఇప్పుడు అభ్యర్థులు డిపాజిట్ కట్టరు, కాబట్టి గల్లంతయ్యేదీ లేదు. దాని బదులు చూడాల్సింది 10 శాతం. చెల్లిన ఓట్లలో అంత వస్తే ప్రచార ఖర్చులో 60 శాతం వెనక్కి వస్తుంది. 9.8 శాతం దగ్గర ఆగిపోయిన అభ్యర్థి స్థానిక సంఘానికి అది నిజమైన దెబ్బ, వచ్చే ఎన్నికలో వాళ్ళ బలం దాంతో మారుతుంది.

పోల్‌వారీ ఫైలు చదవడం

మన ఫారం 20 (బూత్‌లవారీ ఓట్ల పట్టిక) లాంటిది ఇక్కడా ఉంది. ఎన్నిక జరిగిన కొన్ని నెలలకు ఎలక్షన్స్ కెనడా ప్రతి రైడింగ్‌కూ పోల్‌వారీ ఫలితాలను సీఎస్‌వీ ఫైళ్ళుగా ఉచితంగా పెడుతుంది. ఎక్సెల్‌లో నేరుగా తెరిస్తే ఫ్రెంచ్ పేర్లు చెడిపోతాయి. డేటా దిగుమతి మార్గంలో వెళ్ళి యూటీఎఫ్-8 ఎంచుకోండి.

పోల్ నంబరును బట్టి అది ఎలాంటిదో తెలుస్తుంది. 500 వరుసలోవి వృద్ధాశ్రమాల్లాంటి చోట్ల తిరిగే మొబైల్ పోల్స్. 600 వరుసలోవి అడ్వాన్స్ పోల్స్. చివర ఎ, బి అని ఉంటే ఓటర్లు ఎక్కువై ఒక పోల్‌ను విడగొట్టారని. స్పెషల్ బ్యాలెట్లు అడుగున గ్రూప్ 1, గ్రూప్ 2 అని విడిగా వస్తాయి. ‘దీనితో కలిపారు’ అన్న గడి నిండి ఉంటే ఆ పోల్ ఓట్లు వేరే పోల్ వరుసలో చేరాయని అర్థం. ఆ వరుసలో సున్నాలు చూసి ‘ఇక్కడ ఒక్కరూ ఓటేయలేదు’ అనుకోకండి. చెల్లని ఓట్లు, ఓటర్ల సంఖ్య అభ్యర్థి ప్రతి వరుసలోనూ మళ్ళీ మళ్ళీ రాసి ఉండే రకం ఫైలు ఒకటుంది. దాన్ని నిలువుగా కూడితే అభ్యర్థులు ఎంతమందో అన్ని రెట్లు వస్తుంది. ఒక పోల్‌కు ఒక్కసారే తీసుకోవాలి.

పని సరిగ్గా జరిగిందా అని పరీక్షించడానికి అన్ని పోల్స్ ఓట్లు అభ్యర్థివారీగా కూడి, అధికారిక మొత్తంతో పోల్చండి. ఒక్క ఓటు తేడా వచ్చినా ఎక్కడో వరుస తప్పింది, అది దొరికేదాకా ముందుకు వెళ్ళకండి.

మామూలు పోల్స్‌ను మాత్రమే పటం మీద రంగులేసి ‘మా వీధి ఇటు వేసింది’ అనడం ఇప్పుడు బాగా కనిపిస్తోంది. 2025లో ఆ వీధి ఓట్లలో పెద్ద భాగం అడ్వాన్స్ పెట్టెలోకి వెళ్ళింది, అందులో ఏ ఓటు ఏ వీధిదో విడదీయలేం. కాబట్టి అలాంటి పటం చూపించేది పోలింగ్ రోజున వచ్చినవాళ్ళ మొగ్గు మాత్రమే. అడ్వాన్స్ పోల్ పరిధి ఎంతో, అంత ప్రాంతాన్ని ఒక ముక్కగా తీసుకుని, దాని కిందకు వచ్చే మామూలు పోల్స్ ఓట్లు కూడా కలిపి చూడడం సరైన పద్ధతి. ఇంకో మాట గట్టిగా చెప్పాలి. ఈ ఫైలులో ఎవరి భాష, కులం, మతం, దేశం ఏదీ ఉండదు. తెలుగువాళ్ళు ఎక్కువగా ఉన్న పోల్‌లో ఒక పార్టీకి 60 శాతం వచ్చిందని ‘తెలుగువాళ్ళంతా ఇటే వేశారు’ అని వాట్సాప్‌లో తిప్పడం అబద్ధాన్ని తిప్పడమే. అదే పోల్‌లో పంజాబీ, తమిళ, ఇటాలియన్ కుటుంబాలూ ఉంటాయి.

గత ఎన్నికతో పోల్చేటప్పుడు

2025 ఫలితాన్ని 2021తో పోల్చాలంటే 2021 ఓట్లను కొత్త సరిహద్దుల్లోకి సర్ది ఎలక్షన్స్ కెనడా విడుదల చేసిన పట్టికనే వాడాలి. అలా సర్దడం వల్ల ఎంత తేడా వస్తుందో చూడండి: 2021లో కన్సర్వేటివ్‌లు నిజంగా గెలిచినవి 119. అవే ఓట్లను 343 రైడింగ్‌లలో సర్దితే 126. మీ రైడింగ్‌లో ‘సీటు చేతులు మారింది’ అని రాసే ముందు ఈ పట్టికలో ఆ సీటు ఎవరి ఖాతాలో ఉందో చూడండి. పాత రైడింగ్ పేరు అలాగే ఉండి సగం పేటలు పక్కకు పోయిన సందర్భాలు చాలా ఉన్నాయి.

పోల్చేది ఓట్ల సంఖ్యతో కాదు, శాతంతో. ఎన్నికకూ ఎన్నికకూ ఓటర్లు పెరుగుతారు, ప్రిన్స్ ఎడ్వర్డ్ ఐలాండ్‌లో రైడింగ్ జనాభా ఒంటారియో రైడింగ్‌లో మూడో వంతు ఉంటుంది. సిటింగ్ ఎంపీ మళ్ళీ నిలబడ్డారా లేదా అన్నది కూడా చూడాలి, ఫైలులో దానికి ఒక గడి ఉంది.

పార్టీ పేరు ఎప్పుడూ ఎన్నికల ఫైలు నుంచే తీసుకోండి, హౌస్ ఆఫ్ కామన్స్ సభ్యుల జాబితా నుంచి కాదు. అకాడీ—అన్నాపొలిస్‌లో 2025 ఏప్రిల్‌లో గెలిచింది కన్సర్వేటివ్ అభ్యర్థి. నవంబర్‌లో ఆయన లిబరల్ పక్షంలో చేరారు. సభ్యుల జాబితాలో పార్టీ మారింది, ఫలితాల ఫైలులో మారలేదు. వచ్చే ఎన్నికకు మొగ్గు లెక్కించేటప్పుడు ఆ రైడింగ్ వరుసలో కన్సర్వేటివ్ అనే ఉంచాలి. ఉప ఎన్నికలు జరిగిన రైడింగ్‌లకు వేరే ఫైలు ఉంటుంది, దాన్ని సాధారణ ఎన్నిక పట్టికలో కలపకుండా పక్క షీటులో పెట్టుకోండి.